టీవీ ఖర్చు ఎవరు పెడతారు?

రాత్రి ఎనిమిదయింది. సీరియల్ చూస్తున్నాం. మంచి పట్టులో కథ ఆగింది. సబ్బు ప్రకటన వచ్చింది. మనకు చిరాకేస్తుంది. కానీ అక్కలారా, ఆ సీరియల్‌కు డబ్బు ఇస్తున్నది ఆ సబ్బు కంపెనీ లాంటివాళ్ళే.

మొదట్లో ఇలా లేదు. 1975 ఆగస్టులో మన దేశంలో ఆరు రాష్ట్రాల్లో 2,400 పల్లెలకు ప్రభుత్వం టీవీలు ఇచ్చింది. అందులో ఆంధ్రప్రదేశ్ పల్లెలు కూడా ఉన్నాయి. ఊరందరికీ ఒకటే టీవీ. పొద్దున బడిపిల్లలకు పాఠాలు. సాయంత్రం పెద్దలకు సేద్యం, ఆరోగ్యం, కుటుంబ నియంత్రణ గురించి చెప్పేవారు. తెలుగులోనే చెప్పేవారు. దీనికి వాడిన ఉపగ్రహం అమెరికాది. ఏడాదికే ఇచ్చారు. 1976 జూలైతో అది అయిపోయింది.

ఆ 1976లోనే దూరదర్శన్‌లో ప్రకటనలు మొదలయ్యాయి. ప్రకటన లెక్క సంత లెక్కే. జనం ఎక్కువ వచ్చే చోట అంగడికి బాడుగ ఎక్కువ. జనం ఎక్కువ చూసే వేళ ప్రకటనకు ధర ఎక్కువ.

1984లో హిందీలో 'హమ్ లోగ్' అనే సీరియల్ వచ్చింది. ఖర్చు ఒక నూడుల్స్ కంపెనీ పెట్టుకుంది. మొదట కుటుంబ నియంత్రణ గురించి ఎక్కువ చెప్పారు. జనానికి ఉపన్యాసంలా తోచింది. దాన్ని తగ్గించి కథ పెంచారు. అప్పుడు జనం విరగబడి చూశారు. ఇది తప్పని నేను అనను. చేదు మందును బెల్లంలో పెట్టి ఇస్తాం కదా!

1992లో జీ టీవీ వచ్చింది. 1995లో తెలుగులో జెమిని, ఈటీవీ వచ్చాయి. అంతకుముందు చాలా ఇళ్ళల్లో దూరదర్శన్ ఒక్కటే వచ్చేది. పాఠం వచ్చినా చూసేవాళ్ళం. ఇప్పుడు మీట నొక్కితే ఇంకో ఛానల్. పోటీకి నిలబడాలని దూరదర్శన్ కూడా 1993లో వినోదం కోసం మెట్రో ఛానల్ పెట్టింది.

ప్రైవేటు వాళ్ళు మంచివి చూపలేదని కాదు. ఈటీవీలో 'అన్నదాత' రైతులకు ఎంతో పనికొచ్చింది. కానీ అది పొద్దున్నే వచ్చేది. ఆ వేళకు మనం ఎక్కడుంటాం? వాకిలి ఊడుస్తూనో, పాలు పిండుతూనో ఉంటాం. మనం తీరికగా కూర్చునే రాత్రి వేళ ప్రకటనల ధర ఎక్కువ. ఆ వేళ సీరియల్‌దే.

2020లో కరోనా వచ్చి బడులు మూతపడ్డాయి. సెప్టెంబరు 1 నుంచి తెలంగాణ పిల్లలకు టీవీలో పాఠాలు చెప్పారు. అవి వచ్చింది దూరదర్శన్ యాదగిరిలో, ప్రభుత్వానిదే అయిన టీ-శాట్‌లో. దూరదర్శన్‌కు ప్రకటనల డబ్బుతోపాటు ప్రభుత్వ డబ్బు కూడా వస్తుంది. అందుకే పాఠానికి చోటు దొరికింది. ఆ కొన్ని నెలలు పాఠం వేళకు రిమోట్ పిల్లల చేతికి ఇచ్చాం.