హిమమును తిరునాళ్ళును: తొలి మూకచిత్రముల సాక్ష్యము

చలనచిత్రము తొలినాళ్ళలో తిరునాళ్ళయందే పెరిగినది. బ్రిటనులోని సంచార ప్రదర్శకులు తమ డేరాలలో చిత్రములను చూపుటయే గాక, తిరునాళ్ళకు వచ్చిన జనమునే చిత్రింపించి, వారికే చూపి ధనమార్జించిరి. బ్లాక్‌బర్న్ నగరవాసులైన మిచెల్, కెన్యన్‌లు 1902లో తీసిన హల్ తిరునాళ్ళ చిత్రము ప్రసిద్ధము. ఇట్టి చిత్రములను చరిత్రకు సాక్ష్యముగా ఎంతవరకు గ్రహింపవచ్చునన్నదే మా విచారణ.

పెద్ద తిరునాళ్ళు పెక్కులు వసంతమునుండి శరత్తువరకు జరిగెడివి. ఫిబ్రవరి 14న ఆరంభమగు కింగ్స్ లిన్ తిరునాళ్ళవంటివి కొన్నియే. శీతకాలమున ప్రదర్శకులు ఒకచోట విడిసి రంగులరాట్నములను బాగుచేసికొనెడివారు. మంచునడుమ చిత్రించుటకు సాంకేతికమైన చిక్కులును కలవు. ఆనాటి ఫిల్ము నీలకాంతికి మిక్కిలిగా స్పందించెడిది, ఎరుపునకు దాదాపు స్పందింపదు. కావున నీలాకాశము తెల్లనై నేలమీది మంచుతో కలిసిపోవును. ఎఱ్ఱరంగు పూసిన రాట్నము నల్లగా కానవచ్చును. క్రొత్తమంచు తనపై బడిన కాంతిలో అయిదింట నాలుగు పాళ్ళకు మించి ప్రతిఫలింపజేయును. దాని తెలుపునకు తగినట్లు కాంతిని తగ్గించినచో ముఖములు చీకటిపాలగును. ఈ సంగతి నెఱుగనివారు నాటి రాట్నములు నల్లనివని వ్రాయు ప్రమాదము కలదు.

అయితే మంచు పరిశోధకునకు ఒక మేలు చేయును. దానిపై బడిన అడుగు వెంటనే చెరగదు. ముందుగా అభ్యాసము చేయించిన దృశ్యమైనచో, తొక్కుడుపడిన నేలయే ఆ రహస్యమును బయటపెట్టవచ్చును.

ల్యూమియేర్ సంస్థవారు 1897లో లియాన్ నగరమున తీసిన మంచుముద్దల పోరాటమును చూడుడు. వారి యంత్రమున పట్టెడి ఫిల్ము సుమారు 17 మీటర్లు. నడచు కాలము 50 సెకండ్లు. ఆ స్వల్పవ్యవధిలోనే సైకిలుపై వచ్చినవాడొకడు జనమధ్యమున మంచుదెబ్బలు తిని పడి, టోపీని విడిచి వెనుకకు మరలును. ఇంత చక్కని సమయస్ఫూర్తి యాదృచ్ఛికమని మేము తలపము. కాని ఏర్పాటున్నంత మాత్రమున సాక్ష్యము వ్యర్థము కాదు. సైకిలువాని రాకను ఏర్పరుపవచ్చును. వీధిని, వస్త్రధారణమును, నాటి మంచును ఏర్పరుపలేరు. ఈ రెంటిని వేరుపరచుటయే పరిశోధకుని పని.

మిచెల్, కెన్యన్‌ల మూలప్రతులు సుమారు 800 బ్లాక్‌బర్న్‌లో 1994లో బయల్పడినవి. నైట్రేట్ ఫిల్ము సులభముగా మండునది, క్రమముగా శిథిలమగునది. అవి దొరకకున్నచో, గ్రంథములకెక్కని వేలకొలది శ్రామికుల ముఖములు మనకు శాశ్వతముగా లోపించియుండెడివి.