అంకెకు ఆనవాలు

గోదావరి ఉప్పొంగే ప్రతి వర్షాకాలంలోనూ భద్రాచలం వద్ద నీటిమట్టం ఎంత అన్న ప్రశ్న తెలుగునాట వినబడుతూనే ఉంటుంది. 43 అడుగులకు మొదటి ప్రమాద హెచ్చరిక, 48 అడుగులకు రెండవది, 53 అడుగులకు మూడవది జారీ అవుతాయి. 1986 ఆగస్టులో నది 75.6 అడుగులకు, 2022 జూలైలో 71 అడుగులకు పైగా పెరిగింది. లోతట్టు గ్రామాల ప్రజలను ఎప్పుడు తరలించవలెనో ఈ అంకెలను బట్టియే నిర్ణయిస్తారు. చర్ల, దుమ్ముగూడెం అడవి అంచున ఉన్న గూడేలకు పోయే బాటలు వాగులు పొంగగానే తెగిపోతాయి. అక్కడ హెచ్చరిక ఒక మెట్టు తప్పినా ముప్పు ప్రాణాలకే.

ఇదే నీటిమట్టాన్ని కేంద్ర జలసంఘం సముద్రమట్టం నుండి మీటర్లలో లెక్కిస్తుంది. ఆ లెక్కలో 43 అడుగులు 45.72 మీటర్లు, 53 అడుగులు 48.77 మీటర్లు అవుతాయి. ఒకే నది, ఒకే రేవు; కొలతలు మాత్రం రెండు. పైగా ఆ అంకెలు చూపులకు ఇంచుమించు ఒకే తీరుగా ఉంటాయి. చిక్కంతా ఇక్కడే ఉన్నది. వరద హెచ్చరికల కొరకు ఒక విద్యార్థి ప్రోగ్రాం వ్రాశాడనుకొందాం. దానికి 48.77 అన్న అంకె అందింది. దానిని అడుగులుగా భావిస్తే, 48 దాటినది కనుక రెండవ హెచ్చరిక చాలునని ప్రోగ్రాం తీర్మానిస్తుంది. నిజానికి నది మూడవ హెచ్చరికను చేరి ఉన్నది. అంకె వింతగా ఉంటే ఎవరైనా అనుమానిస్తారు. నమ్మదగినట్లున్న తప్పు అంకెను ఎవరు శంకిస్తారు?

ఇటువంటి పొరపాటు ఊహకే పరిమితం కాదు. నాసా 1998 డిసెంబరులో ప్రయోగించిన మార్స్ క్లైమేట్ ఆర్బిటర్ అనే నౌక 1999 సెప్టెంబరు 23న అంగారకుని చేరువలో నశించింది. భూమిపై ఒక ప్రోగ్రాం నౌక ఇంజన్ల తోపుడును పౌండు-సెకండ్లలో వ్రాసి ఇవ్వగా, మరొకటి దానిని న్యూటన్-సెకండ్లుగా స్వీకరించింది. రెండింటి మధ్య భేదం దాదాపు నాలుగున్నర రెట్లు.

మనం వ్రాసిన ప్రోగ్రాంను యంత్రానికి అనువైన రూపంలోకి మార్చే సాధనం కంపైలర్. ఆ మార్పుకు ముందే అది ప్రతి విలువ ఏ జాతికి చెందినదో పరిశీలిస్తుంది. అంకె ఉండవలసిన చోట పేరు ఉంటే అనువాదానికి అంగీకరించదు. దీనినే టైప్ చెకింగ్ అంటారు. అయితే మీటరైనా అడుగైనా దాని దృష్టిలో కేవలం అంకెయే. ఈ లోటును పూరించడానికి పుట్టినవే ప్లగిన్లు. జావా భాషకు వాషింగ్టన్ విశ్వవిద్యాలయంలో రూపొందిన చెకర్ ఫ్రేమ్‌వర్క్ అటువంటిది. 2014లో వెలువడిన జావా 8 ఇట్టి ఆనవాళ్లను విలువల జాతులకు జోడించే వీలు కల్పించింది. ఒక చరరాశికి ‘మీటరు’ అని గుర్తు పెడితే, దానిని సెకండ్లతో కూడబోయినప్పుడు ప్లగిన్ ఆ వరుసను చూపి దోషమని చెబుతుంది. మనకు కావలసిన కొత్త గుర్తులను మనమే నిర్వచించుకోవచ్చు. ‘సముద్రమట్టపు మీటరు’, ‘భద్రాచలం అడుగు’ అన్న రెండు గుర్తులుంటే పై విద్యార్థి పొరపాటు నది పొంగకముందే, అతని బల్ల మీదనే పట్టుబడుతుంది.

ఇంకొక ప్రమాదం కూడా ఉన్నది. తుపాను రాత్రి ఎగువ నుండి సమాచారమే అందకపోవచ్చు. అటువంటి శూన్య విలువను వాడబోతే ప్రోగ్రాం నడిమధ్యలో ఆగిపోతుంది. 1965లో ఈ శూన్య సూచికను ప్రవేశపెట్టిన టోనీ హోర్ తరువాతి కాలంలో దానిని వంద కోట్ల డాలర్ల తప్పిదమని తానే వర్ణించాడు. విలువ వచ్చినదో లేదో ముందుగా చూసుకోనిదే దానిని వాడనీయని ప్లగిన్ కూడా చెకర్ ఫ్రేమ్‌వర్క్‌లో కలదు.

గుర్తులు పెట్టుట అదనపు శ్రమ అని గొణిగేవారున్నారు. చిన్న ప్రోగ్రాంల విషయంలో వారి మాట కొంత నిజమే. వరద లెక్కల విషయంలో మాత్రం కాదు. అంతమాత్రాన ప్లగిన్ సర్వజ్ఞురాలు కాదు. మీటర్లను అడుగులుగా మార్చిన పిమ్మట సుమారు 107 తీసివేస్తేనే భద్రాచలం కొలత వస్తుంది. ఆ 107ను ఎవరైనా 170 అని వ్రాస్తే గుర్తులన్నీ సరిగానే ఉంటాయి, ప్లగిన్ నోరు మెదపదు. కనుక మార్పిడి చేసే ఆ ఒక్క భాగాన్ని విడిగా పరీక్షించాలి: 1986 నాటి 55.66 మీటర్లను దానికిచ్చి, 75.6 అడుగులు వస్తున్నవో లేదో చూడాలి.