ముప్పావలా వడ్డీకి తెచ్చిన అప్పు రెట్టింపు ఎందుకవుతుంది?

సూరత్‌లో లింబాయత్, గోడాదరా, డిండోలీ వైపు తెలుగు ఇళ్లు చాలా ఉన్నాయి. సిరిసిల్ల, కరీంనగర్, వరంగల్, నల్గొండ ప్రాంతాల నుంచి తరాలుగా వలస వచ్చి సాంచాల (మరమగ్గాల) మీద బతికిన పద్మశాలి కుటుంబాలే ఎక్కువ. అద్దె గదుల్లో ఏళ్లు గడిపినవాళ్లు ఇప్పుడు సొంత ఫ్లాటు కోసం బ్యాంకు గడప తొక్కుతున్నారు. కాగితాలు చేతికొచ్చాక వాళ్లు అడిగే ప్రశ్న దాదాపు ఒక్కటే. "వడ్డీ తొమ్మిది శాతమే అంటున్నారు. మన లెక్కలో నూటికి నెలకు ముప్పావలా. ఊళ్లో రెండు రూపాయల వడ్డీకి తెచ్చి కూడా తీర్చినోళ్లం. మరి ఇరవై లక్షలకు నలభై మూడు లక్షలు ఎట్లయితయి? చక్రవడ్డీ వేస్తున్నరా?"

లేదు. కిస్తు నెలనెలా సరిగ్గా కట్టేవాళ్ల మీద చక్రవడ్డీ పడదు. ఆ నెల మిగిలి ఉన్న అసలు మీదే ఆ నెల వడ్డీ వేస్తారు. లెక్కలో మోసం లేదు. అయినా మొత్తం రెట్టింపు దాటుతోంది. ఎందుకో నెమ్మదిగా చూద్దాం.

ఊళ్లో రెండు రూపాయల వడ్డీకి లక్ష తెచ్చి ఏడాదికి తీర్చేస్తే వడ్డీ 24 వేలు. బ్యాంకులో ముప్పావలాకే లక్ష తెచ్చి 20 ఏళ్లు కిస్తులు కడితే వడ్డీ 1,15,934 రూపాయలు. రేటు సగానికన్నా తక్కువ, కట్టిన వడ్డీ నాలుగు రెట్లకన్నా ఎక్కువ. ఊరి అప్పును మనం భయంతో త్వరగా తీర్చేస్తాం. ఇంటి అప్పును నెలకింతే కదా అని మోస్తాం. ఇంటి అప్పులో ఖరీదంతా కాలానిదే. వడ్డీ ఎంత అని అందరూ అడుగుతారు. ఎన్నేళ్లు అని అడిగేవాళ్లు తక్కువ.

అయిదేళ్లు కట్టినా అసలు ఎందుకు తగ్గదు?

20 లక్షలు, 9 శాతం, 20 ఏళ్లు. కిస్తు 17,994 రూపాయలు వస్తుంది. మొదటి నెల 20 లక్షలకు ముప్పావలా చొప్పున వడ్డీ 15,000. కిస్తులోంచి ముందు అది పోతుంది. మిగిలిన 2,994 మాత్రమే అసలులో జమ. రెండో నెల ఆ 2,994 తగ్గిన అసలు మీద వడ్డీ పడుతుంది, అంటే ఇరవై రెండు రూపాయలు తక్కువ. అంత మెల్లగా కదులుతుంది ఆ లెక్క.

అయిదేళ్లు పూర్తయ్యేసరికి కట్టింది దాదాపు 10 లక్షల 80 వేలు. అసలులో తగ్గింది 2 లక్షల 26 వేలు. పదేళ్లకు 21 లక్షల 59 వేలు కట్టి ఉంటారు. తీసుకున్న దానికన్నా ఎక్కువే కట్టినా ఇంకా 14 లక్షల 20 వేలు బాకీ. కిస్తులో సగానికి పైగా అసలుకు చేరడం 149వ కిస్తు నుంచి మొదలవుతుంది, అంటే పన్నెండేళ్లు దాటాక. చివరికి కట్టేది 43 లక్షల 18 వేలు, అందులో వడ్డీ 23 లక్షల 18 వేలు.

అయిదారేళ్ల తరువాత ఇల్లు అమ్మి ఊరికి వెళ్లిపోదామనుకునేవాళ్లు ఈ లెక్కను ముందే చూడాలి. ఆ ఏళ్లలో కట్టినదాంట్లో చాలా భాగం వడ్డీయే. ఇంటి ధర పెరగకపోతే చేతికొచ్చేది కొద్దిగానే.

కిస్తు తగ్గాలంటే 30 ఏళ్లు పెట్టుకోమంటారు. మంచిదేనా?

అదే 20 లక్షలకు 30 ఏళ్లు పెడితే కిస్తు 16,092. నెలకు 1,902 రూపాయలు మిగులుతాయి. దానికి బదులుగా మొత్తం వడ్డీ దాదాపు 38 లక్షలవుతుంది, అంటే 14 లక్షల 74 వేలు ఎక్కువ. 15 ఏళ్లకు తగ్గిస్తే కిస్తు 20,285, వడ్డీ 16 లక్షల 51 వేలు. నలభై ఏళ్ల మనిషి 30 ఏళ్ల అప్పు పెట్టుకుంటే డెబ్బై దాకా కట్టాలి. రెండు షిఫ్టుల చప్పుడులో నిలబడి చేసే పని ఆ వయసుదాకా సాగదు. ఆ కిస్తు కొడుకు మీద పడుతుంది. ఆ సంగతి ఇంట్లో ముందే మాట్లాడుకోవాలి.

పక్కింటివాళ్లకు తొమ్మిది, నాకు పన్నెండు ఎందుకు?

సాంచాల మీద పని చాలావరకు మీటరుకింత అనే లెక్క. జీతం చీటీ ఉండదు, ఆదాయపు పన్ను రిటర్నూ ఉండదు. ఫ్లాటుకు బీయూ (భవన వినియోగ) పర్మిషన్, ఎన్ఏ (వ్యవసాయేతర భూమి) కాగితాలు సరిగ్గా లేకపోతే పెద్ద బ్యాంకు వెనక్కి పంపుతుంది. అప్పుడు హౌసింగ్ ఫైనాన్స్ కంపెనీ వైపు వెళ్తారు. కాగితాల్లేని ఆదాయానికి రిస్కు ఎక్కువని అక్కడ రేటు పెంచుతారు. 12 శాతం, అంటే రూపాయి వడ్డీ అనుకుందాం. అదే 20 లక్షలకు, అదే 20 ఏళ్లకు కిస్తు 22,022, మొత్తం 52 లక్షల 85 వేలు. పావలా తేడాకు తొమ్మిదిన్నర లక్షలు పైన.

అందుకే ఇల్లు కొనాలన్న ఆలోచన ఉన్నవాళ్లు రెండు మూడేళ్ల ముందు నుంచే కూలి డబ్బును బ్యాంకు ఖాతాలో వేసుకోవాలి, పన్ను పడకపోయినా రిటర్ను వేయాలి. ఇప్పటికే 12కు తెచ్చుకున్నవాళ్లు కిస్తులు సక్రమంగా కట్టాక బ్యాంకుకు మార్చుకోవచ్చు. ఫ్లోటింగ్ (మారుతూ ఉండే) రేటు ఇంటి అప్పును వ్యక్తులు ముందుగా తీర్చేస్తే జరిమానా వేయకూడదని బ్యాంకులకు రిజర్వ్ బ్యాంకు 2012లోనే చెప్పింది. హౌసింగ్ ఫైనాన్స్ కంపెనీలకూ ఆ నియమం ఉంది.

రేటు మారితే నా అప్పు ఎలా మారుతుంది?

2019 అక్టోబరు 1 నుంచి బ్యాంకులు ఇచ్చే కొత్త ఫ్లోటింగ్ ఇంటి అప్పులు బయటి ప్రామాణిక రేటుకు ముడిపడి ఉండాలి. చాలా బ్యాంకులు రెపో రేటును, అంటే రిజర్వ్ బ్యాంకు బ్యాంకులకు అప్పిచ్చే రేటును, తీసుకున్నాయి. 2020 మే నుంచి రెండేళ్లు ఆ రేటు 4 శాతం దగ్గరే ఉంది. ఇంటి అప్పులు ఏడు శాతానికీ దొరికాయి. 2022 మేలో పెరగడం మొదలై 2023 ఫిబ్రవరికి రెపో 6.5కు చేరింది.

ఏడు శాతానికి 20 లక్షలు తెచ్చినవాళ్ల కిస్తు 15,506. ఏడాదిన్నర కట్టాక 19 లక్షల 27 వేలు బాకీ ఉందనుకోండి. రేటు 9.5 అయితే ఆ బాకీ మీద నెల వడ్డీ 15,258. కిస్తు మార్చకపోతే అసలుకు పోయేది 248 రూపాయలు! ఆ లెక్కన అప్పు తీరడానికి ఇంకా 43 ఏళ్లు పైన పడుతుంది. కిస్తు మారలేదు కదా అని నిశ్చింతగా ఉన్న ఇళ్లలో గడువు చడీచప్పుడు లేకుండా పెరిగిపోయింది. అందుకే 2023 ఆగస్టు 18న రిజర్వ్ బ్యాంకు కొత్త ఆదేశం ఇచ్చింది. రేటు పెరిగినప్పుడు కిస్తు పెంచాలా, గడువు పెంచాలా, రెండూ కొంత కొంతా అన్నది అప్పు తీసుకున్నవాళ్లే ఎంచుకునే వీలుండాలి. కిస్తు ఆ నెల వడ్డీకి కూడా చాలని పరిస్థితి రాకూడదు.

2025లో రెపో నాలుగుసార్లు తగ్గి 5.25కు వచ్చింది. రేటు తగ్గినప్పుడు కిస్తు తగ్గించమని అడగకండి. పాత కిస్తే ఉంచి గడువు తగ్గించమనండి. 9 శాతం అప్పు మొదట్లోనే 8కి దిగి, కిస్తు 17,994గానే ఉంటే 20 ఏళ్ల అప్పు 17 ఏళ్లకే తీరుతుంది.

2020లో ఆరు నెలలు కిస్తులు ఆపమన్నారు. ఆ ఆరు తరువాత కట్టేస్తే సరిపోలేదా?

సూరత్ వాళ్లకు ఇది చేదు జ్ఞాపకం. కరోనా లాక్‌డౌన్‌తో సాంచాలు ఆగాయి, చాలామంది ఊళ్లకు వెళ్లిపోయారు. మార్చి 1 నుంచి ఆగస్టు 31 వరకు కిస్తులు వాయిదా వేసుకునే వీలు కల్పించారు. తిండికే కటకటగా ఉన్నప్పుడు ఆ వీలు వాడుకోవడం తప్పు కాదు. కానీ ఆగింది కిస్తే, వడ్డీ ఆగలేదు. అప్పుడే కొత్తగా 9 శాతానికి 20 లక్షలు తెచ్చిన ఇంటిని తీసుకుందాం. ఆరు కిస్తులు అంటే 1 లక్షా 8 వేలు. ఆ ఆరు నెలల వడ్డీ 90 వేలు అసలుకు కలిసింది. పెరిగిన అసలు మీద మళ్లీ ఇరవై ఏళ్లు వడ్డీ. పాత కిస్తే కడుతూ పోతే అప్పు తీరడానికి అదనంగా 34 కిస్తులు, అంటే ఆరు లక్షల పైమాట. వడ్డీ మీద పడిన వడ్డీని ప్రభుత్వం ఆ తరువాత తిరిగి ఇచ్చినా అది పదిహేడు వందల లెక్క. ఈ 34 కిస్తుల సంగతి ఆ రోజు చెప్పి ఉంటే, కూడబెట్టుకున్నది కొంత ఉన్నవాళ్లయినా కట్టేసేవాళ్లు.

దీపావళికి సాంచాలు ఆగే రోజుల్లో కూడా కూలి ఉండదు, కిస్తు తేదీ మాత్రం మారదు. కనీసం నాలుగు కిస్తుల డబ్బు విడిగా ఉంచుకోకుండా ఇల్లు కొనవద్దని నా గట్టి అభిప్రాయం. 90 రోజులు దాటి బాకీపడితే ఖాతా మొండిబాకీ అవుతుంది. 2002 నాటి సర్ఫేసీ చట్టం కింద 60 రోజుల నోటీసు ఇచ్చి, ఆ తరువాత ఇంటిని స్వాధీనం చేసుకునే దారి తెరుచుకుంటుంది.

కిస్తు చీటీలో కనిపించని ఖర్చులేమిటి?

25 లక్షల ఫ్లాటు అనుకుందాం. గుజరాత్‌లో స్టాంపు డ్యూటీ 4.9 శాతం, అంటే 1,22,500. ప్రభుత్వం నిర్ణయించే జంత్రీ ధర అంతకన్నా ఎక్కువుంటే దాని మీద. రిజిస్ట్రేషన్ రుసుము 1 శాతం. మహిళ పేరిట మాత్రమే కొంటే ఆ ఒక్క శాతం మాఫీ, అక్కడే 25 వేలు మిగులు. బీయూ పర్మిషన్ రాకముందు బిల్డరు దగ్గర కొంటే జీఎస్టీ. 45 లక్షల లోపు, 90 చదరపు మీటర్ల కార్పెట్ ఏరియా లోపు అయితే 1 శాతం, లేదంటే 5. ఇవి కాక ప్రాసెసింగ్ ఫీజు, లాయరు ఫీజు, సొసైటీ మెయింటెనెన్స్ డిపాజిట్. అప్పుతో పాటు అంటగట్టే, ఒకేసారి ప్రీమియం కట్టే బీమాను కూడా అసలులో కలిపేస్తారు, దాని మీదా ఇరవై ఏళ్లు వడ్డీ. బీమా మంచిదే. విడిగా టర్మ్ పాలసీ ధర అడిగి పోల్చుకున్నాకే ఒప్పుకోవాలి.

ఈ పై ఖర్చులకు చేతిలో డబ్బు చాలక మూడు లక్షలు రెండు రూపాయల వడ్డీకి తెస్తే నెలకు ఆరు వేలు దానికే. బ్యాంకు కిస్తుతో కలిపి 24 వేలు అవుతుంది. చాలా ఇళ్లు కుంగిపోయేది ఇక్కడే.

భారం తగ్గించుకోవడం ఎలా?

మొదటి ఏళ్లలో కట్టే అదనపు రూపాయికి ఉన్న బలం తరువాతి ఏళ్లలో ఉండదు. 9 శాతానికి తెచ్చిన అదే 20 లక్షల అప్పులో మొదటి ఏడాది చివర లక్ష అదనంగా కడితే 27 కిస్తులు తగ్గి, దాదాపు నాలుగు లక్షల వడ్డీ మిగులుతుంది. అదే లక్ష పదో ఏడాది చివర కడితే తగ్గేది 13 కిస్తులు, మిగిలేది లక్షా 34 వేలు. అంత పెద్ద మొత్తం లేకపోతే ఏడాదికి ఒక్క కిస్తు ఎక్కువ కట్టినా 20 ఏళ్ల అప్పు పదహారున్నర ఏళ్లకు తీరుతుంది, నాలుగున్నర లక్షలకు పైగా మిగులుతుంది. చిట్టీ డబ్బు చేతికొచ్చిన ఏడాది పెద్ద టీవీకన్నా ముందు దీన్ని తలుచుకోవాలి. కట్టేటప్పుడు "గడువు తగ్గించండి" అని రాతపూర్వకంగా ఇవ్వండి.

2024 సెప్టెంబరులో మొదలైన ప్రధానమంత్రి ఆవాస్ యోజన పట్టణ 2.0లో వడ్డీ రాయితీ ఉంది. ఏడాదికి 9 లక్షల లోపు ఆదాయం, 35 లక్షల లోపు ఇల్లు, 25 లక్షల లోపు అప్పు అయితే మొదటి 8 లక్షల మీద 4 శాతం, మొత్తం 1.80 లక్షల దాకా, అయిదు విడతల్లో. అయితే దేశంలో ఎక్కడా కుటుంబం పేరిట పక్కా ఇల్లు ఉండకూడదు. సిరిసిల్లలో మీ పేరిట పక్కా ఇల్లుంటే ఇది రాదు.

ఇన్ని లక్షలు పోతుంటే అద్దెకుండటమే మేలా?

అలా తేల్చేయడం తొందరపాటు. ఇరవై ఏళ్ల తరువాతి రూపాయి ఇప్పటి రూపాయి కాదు. కిస్తు పెద్దగా మారదు, అద్దె పెరుగుతుంది. సొంతింట్లో ఇంటివాడు ఖాళీ చేయమంటాడన్న భయం ఉండదు. ఏటా జీతం పెరిగే ఉద్యోగికి కిస్తు క్రమంగా తేలికవుతుంది. మీటరు ధర ఏళ్ల తరబడి పెరగని నేతపనివాడికి అలా తేలిక కాదు. అందుకే ఉద్యోగి ధైర్యంగా తీసుకునే అప్పులో నాలుగింట మూడు వంతులే సాంచా కార్మికుడు తీసుకోవాలంటాను. చిన్న ఇల్లయినా, కొంచెం దూరమైనా.

చివరగా సంతకం సంగతి. 2024 అక్టోబరు 1 నుంచి ప్రతి కొత్త ఇంటి అప్పుకూ ముఖ్య వివరాల పత్రం ఇవ్వాలి. బ్యాంకువాళ్లు కేఎఫ్ఎస్ అంటారు. ఫీజులన్నీ కలిపిన అసలైన వార్షిక రేటు, కిస్తుల వారీ పట్టిక అందులో ఉండాలి. అందులో లేని ఫీజు మీ అంగీకారం లేకుండా వేయకూడదు. అది మీకు అర్థమయ్యే భాషలో ఉండాలి, వివరించి చెప్పాలి. ఆ షరతులు కనీసం మూడు పనిదినాలు మీకోసం నిలిచి ఉంటాయి. గుజరాతీ, ఇంగ్లిషు చదవలేకపోతే సిగ్గుపడకుండా తెలుగులో చెప్పించమనండి. ఆ కాగితం ఇంటికి తెచ్చి, చదువుకున్న పిల్లలను పక్కన కూర్చోబెట్టుకుని, మొత్తం ఎంత కడుతున్నామో చివరి గడి దాకా చదివించుకోండి. ఆ తరువాతే సంతకం పెట్టండి.