కల్పిత మతంలో స్తోత్రగీతం: టోల్కీన్ ‘ఎల్బెరెత్ గీతం’ - ఒక పరిశీలన

ఉపోద్ఘాతం:

కల్పిత లోకానికి ఒక మతాన్ని సృష్టించే రచయిత సాధారణంగా ఆలయాన్ని, అర్చకుని, పూజావిధానాన్ని కూడా కల్పిస్తాడు. ఆంగ్ల రచయిత జె.ఆర్.ఆర్. టోల్కీన్ (1892-1973) ఇందుకు భిన్నమైన మార్గాన్ని అనుసరించాడు. 1954-55 మధ్య మూడు సంపుటాలుగా వెలువడిన ‘ది లార్డ్ ఆఫ్ ది రింగ్స్’ నవలలో ఎల్ఫ్ జాతివారికి గుడి లేదు, అర్చకవర్గం లేదు. మతాచారాల ప్రస్తావనలను దాదాపుగా తొలగించానని 1953లో రాసిన ఒక లేఖలో టోల్కీన్ స్వయంగా పేర్కొన్నాడు. అందువల్ల ఆ జాతివారి భక్తిని పాఠకునికి తెలియజేసే భారం ప్రధానంగా ఒక స్తోత్రంపై పడింది. ఆ స్తోత్రం ఈ భారాన్ని ఎలా వహించిందో పరిశీలించడం ఈ వ్యాస ఉద్దేశం.

స్తోత్రదేవత:

ఎల్బెరెత్ అనగా ‘నక్షత్రరాణి’. రచయిత మరణానంతరం 1977లో వెలువడిన ‘ది సిల్మరిల్లియన్’ ప్రకారం ఈమె సృష్టికర్త కాదు. సృష్టికర్త ఇలూవతార్, ఆయనకు లోబడిన ‘వలార్’ అనే దివ్యశక్తులలో ఈమె ఒకరు. ఎల్ఫ్‌లు తొలిసారి కన్ను తెరచినప్పుడు సూర్యచంద్రులు లేరు. వారు మొదట చూసినవి ఈమె వెలిగించిన నక్షత్రాలు. ఆమె నివాసం సముద్రానికి ఆవల, పాడేవారు ఈవల. ఈ ఎడబాటే స్తోత్రానికి మూలభావం.

స్తోత్రప్రయోగం:

నవలలో ఈ ఆరాధన నాలుగు ముఖ్య సందర్భాలలో క్రమవికాసం పొందుతుంది. మొదట, షైర్ ప్రాంతపు అడవిలో ఎల్ఫ్‌లు పాడుతూ వెళ్తుండగా, వినేవారి మనసులో ఆ నాదం సగం అర్థమైన మాటలుగా రూపుదాల్చుతుంది. అక్కడ గీతం ఆంగ్లంలోనే ఉంటుంది. రెండవది, శత్రువులు చుట్టుముట్టినప్పుడు కథానాయకుడు ఫ్రోడో నోట అప్రయత్నంగా ఆ దేవత పేరు వెలువడుతుంది. మూడవది, రివెండెల్‌లోని సభామందిరంలో ఏడు పాదాల స్తోత్రం టోల్కీన్ నిర్మించిన సిందారిన్ భాషలో, అనువాదం లేకుండా వినిపిస్తుంది. ఒకటి, రెండు, నాలుగు పాదాలకు ఒక అంత్యప్రాస. మూడు, అయిదు పాదాలకు మరొకటి. చివరి రెంటికి ఇంకొకటి. అర్థం తెలియని పాఠకునికి కూడా ఈ అమరిక చెవికి అందుతుంది.

నాలుగవ సందర్భం కీలకమైనది. షెలోబ్ అనే రాక్షస సాలీడు ఎదుట ఒంటరిగా నిలిచిన సేవకుడు శామ్‌కు అడవిలో, మందిరంలో విన్న గానం గుర్తుకు వస్తుంది. వెంటనే తనకు రాని భాషలో అతడు స్తుతిస్తాడు. ఎల్ఫ్‌ల సామూహిక గానం ఇక్కడ ఆపదలో ఉన్న ఒక సామాన్యుని ప్రార్థన అయింది.

శబ్దం - అర్థం:

మంత్రానికి అర్థం ఉన్నదా అన్న చర్చ భారతీయులకు ప్రాచీనమైనది. మంత్రాలు అనర్థకాలన్న కౌత్సుని వాదాన్ని యాస్కుడు నిరుక్తంలో పూర్వపక్షంగా చూపి ఖండించాడు. శామ్ స్తుతిని మాత్రమే చూస్తే కౌత్సుని వాదానికి బలం చేకూరినట్లు కనిపిస్తుంది. కాని రివెండెల్ స్తోత్రంలోని ప్రతి పదానికీ వ్యాకరణం ఉంది. స్వరకర్త డోనల్డ్ స్వాన్‌తో కలిసి 1967లో ప్రచురించిన ‘ది రోడ్ గోస్ ఎవర్ ఆన్’ గ్రంథంలో టోల్కీన్ దానికి అనువాదాన్ని, వివరణను అందించాడు. అనగా పాఠకునికి తొలుత అందనిది అర్థమే గాని, లేనిది కాదు.

ముగింపు:

కల్పిత మతం పాఠకునికి నమ్మదగినదిగా తోచడానికి సిద్ధాంతవివరణ ఒక్కటే మార్గం కాదని ఈ గీతం నిరూపిస్తున్నది. వినికిడి, స్మరణ, ఆపదలో ఉచ్చారణ అనే క్రమంలో టోల్కీన్ ఆ విశ్వాసాన్ని నిర్మించాడు. దేవత ప్రత్యక్షం కాకపోయినా, ఆమె పేరు పలికినవారిలో కలిగిన ధైర్యం ద్వారా ఆ మతం పాఠకుని అనుభవంలోకి వస్తున్నది.