రౌటరు ఎవరిని అడుగును?

ఇంటర్నెట్టులో ఏ సర్వరును చేరవలెనన్నను దాని సంఖ్య తెలియవలెను. మనుష్యులకు పేర్లే జ్ఞాపకముండును. పేరు చెప్పినచో సంఖ్య తెలుపు ఏర్పాటే డి.ఎన్.ఎస్. దీనిని 1983లో పాల్ మొకాపెట్రిస్ అను అమెరికా శాస్త్రజ్ఞుడు రూపొందించెను.

సంఖ్య తప్పుగా చెప్పినచో ఏమగును? బ్యాంకును కోరినవాడు దొంగ గుమ్మము చేరవచ్చును. డి.ఎన్.ఎస్. ఛేంజర్ అను దుష్ట ప్రోగ్రాము 2007 నుండి 2011 వరకు సుమారు 40 లక్షల కంప్యూటర్లలో ఈ అమరికనే మార్చివేసెను. ప్రకటనల సొమ్ము కాజేయుటయే దాని ఉద్దేశము.

సాధారణముగా ఇంటి రౌటరు, కనెక్షను ఇచ్చిన సంస్థ చూపిన సర్వరునే అడుగును. రౌటరును నడుపు లోపలి ప్రోగ్రాము పేరు ఫర్మ్‌వేరు. దానికి బదులు ఓపెన్ డబ్ల్యు.ఆర్.టి. ఎక్కించినచో ఎంపిక ఇంటివారిదగును. బ్రౌజరులో 192.168.1.1 తెరచి, నెట్‌వర్క్, ఇంటర్‌ఫేసెస్, వాన్, అడ్వాన్స్‌డ్ సెట్టింగ్స్ వరుసగా చేరవలెను. అచ్చట సంస్థ సర్వరులను వాడుమను గడిలో టిక్కు తీసివేసి, 9.9.9.9 వ్రాసి, భద్రపరచవలెను. ఇది క్వాడ్9 సర్వరు. మోసపు స్థలములుగా తెలిసిన పేర్లకు సంఖ్య చెప్పదు. వాన్6 ఉన్నచో అందులోను టిక్కు తీయవలెను. లేనిచో కొన్ని ప్రశ్నలు పాత దారినే పోవును.

ఇంతమాత్రమున రహస్యము చేకూరదు. ఈ ప్రశ్నలు పోస్టుకార్డులవంటివి, దారిలోనివారు చదువగలరు. మారినది జవాబు చెప్పువాడు మాత్రమే. అతడెవరో ఎరిగియుండుట గృహస్థుని బాధ్యత.