చేతిలో ఫోన్ పదిలమే, ఆగిపోయింది వాట్సాప్!

స్మార్ట్‌ఫోన్‌కు రెండు ఆయువులు. బ్యాటరీ, తెర పనిచేసినంత కాలం ఒకటి. లోపలి ఆండ్రాయిడ్‌ను యాప్‌లు అంగీకరించినంత కాలం రెండోది. చాలా ఫోన్లలో రెండోదే ముందు తీరిపోతుంది. హైదరాబాద్ శివార్లలోని రాజేంద్రనగర్, కాటేదాన్, శంషాబాద్ వంటి చోట్ల ఇంట్లో ఒకరు కొత్త ఫోన్ కొంటే పాతది అమ్మకో, చదువుకునే పిల్లలకో చేరుతుంది. ఆ పాత ఫోన్‌కే ఈ చిక్కు.

వాట్సాప్ కథ చూస్తే సంగతి తెలుస్తుంది. 2023 అక్టోబరులో ఆండ్రాయిడ్ 4.1కు సేవ ఆగింది, 2013 నాటి ఆండ్రాయిడ్ కిట్‌క్యాట్‌లోనూ ఇప్పుడు పనిచేయదు. 2025 మే నెలలో ఐఓఎస్ 15.1 కన్నా పాతవీ పోయాయి. ఐఫోన్ 5ఎస్, 6 ఆ మెట్టు ఎక్కలేవు. జియోఫోన్‌కు 2018 సెప్టెంబరులో వచ్చిన వాట్సాప్‌ను 2024 జూన్ నుంచి కొత్తగా దించుకోవడం కుదరలేదు. కీప్యాడ్ ఫోన్‌లోనే తొలిసారి వాట్సాప్ చూసినవారికి ఇది నిజమైన నష్టం.

యాప్‌లో చేర్చే ప్రతి కొత్త సౌకర్యాన్నీ పాత ఆండ్రాయిడ్‌లో విడిగా పరీక్షించాలి. భద్రతా లోపాలకు మందు పడని ఫోన్‌లో ఖాతా కూడా క్షేమం కాదు. అందుకే కంపెనీలు గీత గీస్తాయి. ఆ గీత లోపల ఉన్నా ఇబ్బందులు తప్పవు: ఒక జీబీ ర్యామ్‌లో ఫేస్‌బుక్ తెరిస్తే ఫోన్ హ్యాంగ్ అవుతుంది, స్టోరేజ్ నిండితే అప్‌డేట్ దిగదు. ఇక లింకు నొక్కగానే ‘సురక్షితం కాదు’ అనే హెచ్చరిక ఒకటి. వెబ్‌సైట్ అసలుదో కాదో తేల్చే ధ్రువపత్రాల జాబితా ఫోన్‌లోనే ఉంటుంది, అదీ పాతబడుతుంది. ఆండ్రాయిడ్ 7.1.1 కన్నా పాత ఫోన్లలో వెబ్‌సైట్లకు ధ్రువపత్రాలిచ్చే లెట్స్ ఎన్‌క్రిప్ట్ సంస్థ కొత్త మూల ధ్రువపత్రం లేదు. వాటి కోసం చేసిన తాత్కాలిక ఏర్పాటు 2024 సెప్టెంబరుతో ముగిసింది. ఫోన్‌లో తేదీ తప్పుగా ఉన్నా ఇలాంటి హెచ్చరికే వస్తుంది కాబట్టి ముందు దాన్ని సరిచూడాలి.

వాట్సాప్ ఆగడం కాలక్షేపానికి సంబంధించిన విషయమే అయితే ఇంత చర్చ అక్కర్లేదు. 2025 జనవరి 30న ఆంధ్రప్రదేశ్ ‘మన మిత్ర’ పేరుతో 161 సేవలను వాట్సాప్‌లో పెట్టింది. నవంబరులో తెలంగాణ మీసేవ కూడా అందులోకి వచ్చింది. రాజేంద్రనగర్‌లోని వ్యవసాయ విశ్వవిద్యాలయం పంట సలహాలు వాట్సాప్ గ్రూపుల్లోనూ రైతులకు చేరుతున్నాయి. సర్కారు సేవ యాప్‌లోకి మారినప్పుడు పాత ఫోన్‌వారికి మరో దారి తెరిచి ఉంచడం సర్కారు బాధ్యతే.

పాత ఫోన్‌కు ఊపిరిపోసే మార్గాలు కొన్నున్నాయి. 2015లో వచ్చిన ఫేస్‌బుక్ లైట్ బరువు పనిని సర్వర్‌కే వదిలేస్తుంది, తక్కువ ర్యామ్‌తో సర్దుకుంటుంది. వాట్సాప్‌లో ఫొటోలు, వీడియోలు వాటంతటవే దిగకుండా ఆపితే స్టోరేజ్ మిగులుతుంది. సేవ ఆగే తేదీకి ముందే చాట్లను బ్యాకప్ చేసుకోవాలి. జీబీ వాట్సాప్ వంటి అనధికార యాప్‌ల జోలికి మాత్రం పోకూడదు: వాటితో ఖాతాపై నిషేధం పడవచ్చు. పీఎం కిసాన్, ట్రాఫిక్ చలాన్ పేర్లతో వచ్చే ఏపీకే ఫైళ్లు బ్యాంకు ఖాతాలనే ఖాళీ చేస్తున్నాయి.

అబిడ్స్ జగదీశ్ మార్కెట్‌లో సెకండ్ హ్యాండ్ ఫోన్ బేరమాడేవారు కెమెరా, బ్యాటరీతో పాటు సెట్టింగ్స్‌లో ఆండ్రాయిడ్ వెర్షన్, చివరి సెక్యూరిటీ ప్యాచ్ తేదీ కూడా చూసుకోవాలి. ఆ తేదీ ఏళ్లనాటిదైతే ధర ఎంత తక్కువైనా ఆ ఫోన్ వద్దు.