అందరి తెరలకును ఒక్కటే ఫైలు

తాడేపల్లిలోగాని మంగళగిరిలోగాని ఒక రైతు తన చేతిఫోనులో మీభూమి పుటను తెరచి అడంగలులో తన పేరు చూచుకొనునపుడును, ఆ ఫోనులోనే గుంటూరు మిర్చియార్డు ధరను చదువుకొనునపుడును, హైదరాబాదునుండి కుమారుడు పంపిన సందేశమును తెరచునపుడును, ఈ మూడు పనులను మూడు వేర్వేరు ప్రోగ్రాములు చేయుచున్నవని తలచుట సహజము. ప్రోగ్రాములు వేరైనను, వానియందలి తెలుగు అక్షరములను తెరమీద రూపించునది మాత్రము తరచుగా ఒక్కటే లైబ్రరీ. తనకంటూ ఒక కిటికీగాని, ఒక గుర్తుగాని లేక, పేరైనను తెలియనీయక, సమస్తమైన ప్రోగ్రాములకును ఊడిగము చేయు ఇట్టి ఉమ్మడి ఫైళ్లనుగూర్చి చదువరులు కొంత తెలిసికొనవలెనని నా కోరిక. ఏలయనగా కంప్యూటరులో మన భాషయొక్క మంచిచెడ్డలు చాలవరకు వానిమీదనే ఆధారపడియున్నవి.

బటన్, మెనూ, స్క్రోల్ బార్ మొదలైనవి ప్రతి ప్రోగ్రామునకును కావలసినవే. వీనిని గీయు విధానమును ప్రతి ప్రోగ్రామును తనలో వేరువేరుగా దాచుకొన్నచో జ్ఞాపకస్థలము వృథాయగుటయేగాక, ఒకదానిలోని బటన్ మరియొకదానిలోని బటనును పోలియుండదు. 1985లో వెలువడిన మొదటి విండోస్ కేవలము 256 కిలోబైట్ల మెమరీగల యంత్రములలో నడువవలసియుండెను గనుక, దాని నిర్మాతలు ఇట్టి ఉమ్మడి పనులను యూజర్, జి.డి.ఐ., కెర్నెల్ అను ఉమ్మడి ఫైళ్లలో నుంచిరి. డైనమిక్ లింక్ లైబ్రరీ, పొట్టిగా డి.ఎల్.ఎల్., అని మనము వినునది ఇట్టిదే. ప్రోగ్రాము ఫైలులో బటనును గీయు విధానముండదు. ఫలానా లైబ్రరీలోని ఫలానా పని నాకు కావలెనను పట్టిక మాత్రముండును. ప్రోగ్రామును మనము తెరచిన క్షణమున ఆపరేటింగ్ సిస్టమ్ ఆ పట్టికను చదివి, లైబ్రరీ మెమరీలో లేకున్నచో దానిని తెచ్చి, ఉన్నచో ఆ ప్రతినే చూపి, ఒక్కొక్క పేరునకెదురుగా ఆ పని దొరకు చిరునామాను నింపును. పది ప్రోగ్రాములు ఏకకాలమున నడచుచున్నను విధానముయొక్క ప్రతి మెమరీలో ఒక్కటియే.

సీతానగరమువద్ద కృష్ణనుండి బయలుదేరు పశ్చిమ కాలువ నెరిగిన మన ప్రాంతమువారికి ఈ ఏర్పాటు సులభముగా బోధపడును. ఏ రైతును నదివరకు తన సొంత కాలువ త్రవ్వుకొనడు. లాకులవద్ద నీరు సక్రమముగా వదలినచో అన్ని చేలును తడియును, అచ్చట లోపము కలిగినచో ఏ రైతు తప్పును లేకయే అన్ని చేలును ఎండును.

అట్టి లోపమే విండోసునందు చిరకాలము బాధించెను. క్రొత్తగా నెక్కించిన ప్రోగ్రాము ఒకటి తన వెంట తెచ్చిన పాత లైబ్రరీని ఉన్నదానిపై వ్రాసివేయుటచే, సంబంధములేని ఇతర ప్రోగ్రాములు చెడిపోయెడివి. 2001లో వచ్చిన విండోస్ ఎక్స్‌పీ, బటన్లు మొదలగువాని లైబ్రరీలో 5.82, 6 అను రెండు వెర్షన్లను ప్రక్కప్రక్కనే నిలిపి, తనకు ఏది కావలెనో చెప్పుకొను అవకాశమును ప్రతి ప్రోగ్రామునకును కల్పించెను.

తెలుగునకు వచ్చునప్పటికి విషయము మరింత గహనమగును. అక్షరములకు సంకేతములనిచ్చు, 1991లో వెలువడిన యూనికోడ్‌లో తెలుగునకు 128 స్థానములు కేటాయింపబడినవి; అందు అచ్చులు, హల్లులు, గుణింతపు గుర్తులు కలవుగాని సంయుక్తాక్షరములు విడిగా లేవు. ‘స్త్రీ’ అని మనము చదువు ఒక్క అక్షరము ఫైలులో ఆరు సంకేతములు: స, పొల్లు, త, పొల్లు, ర, గుడిదీర్ఘము. ఈ ఆరింటిని చదివి, ఇవి ఒక్క అక్షరమని గ్రహించి, తకార రేఫములను వత్తులుగా మార్చి, ఫాంటులోని పట్టికలను సంప్రదించి, ఏ రూపమును ఎచ్చట నిలుపవలెనో నిర్ణయించుట లైబ్రరీ పని. విండోస్‌లో ఈ పని యూనిస్క్రైబ్ అను డి.ఎల్.ఎల్.ది. యూనికోడ్ వాడుకలోనికి రాకముందు మన ముద్రణాలయములలో నడచిన ఫాంట్లు చాలవరకు ఎవరి సంకేతములు వారివిగా నుండుటచే, ఒకచోట కూర్చిన వ్యాసము ఆ ఫాంటు లేనిచోట చదువశక్యముగాని చిహ్నముల పోగుగా కనబడెడిది. ఎక్స్‌పీతో యూనిస్క్రైబునకు తెలుగు అలవడెను. గౌతమి అను ఫాంటును దానితో వచ్చెను. అంతట తెలుగన్నది ఎరుగని నోట్‌ప్యాడ్ సైతము తెలుగు చూపసాగెను. అయితే ఆ సౌకర్యమును సెట్టింగులలో వెదకి, సీడీనుండి విడిగా ఎక్కించుకొనవలసియుండెను. తిరుమల కృష్ణ దేశికాచారిగారు పోతన, వేమన అను ఫాంట్లను నిర్మించి ఉచితముగా నొసగుట తెలుగువారు మరువరాని ఉపకారము. నేడు ఆండ్రాయిడ్, ఫైర్‌ఫాక్స్, లిబ్రెఆఫీస్ మున్నగునవి ఇదే పనికి హార్ఫ్‌బజ్ అను స్వేచ్ఛా లైబ్రరీని వాడుచున్నవి.

లైబ్రరీ తడబడినచో ఏమగునో 2018 ఫిబ్రవరిలో ప్రపంచమంతయు చూచెను. ‘జ్ఞ’ అను సంయుక్తమునకును దాని దీర్ఘమునకును నడుమ, కంటికి కనబడని విభాజక సంకేతమొకటి చేరిన వరుసను ఐఫోను తెరమీద చూపబోయినచో, ఆ చూపిన ప్రోగ్రాము కూలిపోయెడిది. సందేశముల ప్రోగ్రాములో నైనను వాట్సాప్‌లో నైనను అంతే. నోటిఫికేషన్‌గా వచ్చినచో హోమ్‌స్క్రీనును నడపు ప్రోగ్రామే కూలెడిది. కారణము స్పష్టము: అవి అన్నియు అక్షరములకొరకు కోర్‌టెక్స్ట్ అను ఒక్క లైబ్రరీనే ఆశ్రయించియుండెను, ఆ వరుసను విభజించుటలో అది పొరపడి, మెమరీని పాడుచేసికొనెను. పత్రికలు దీనిని ఐఫోనులను చంపు తెలుగు అక్షరమని చాటుట నాకు మిక్కిలి బాధ కలిగించెను. విభాజకము లేక మామూలుగా వ్రాసిన ‘జ్ఞానము’ ఏ ఫోనుకును హాని చేయలేదు. అదే కూర్పుగల వరుసలు బెంగాలీ, దేవనాగరి లిపులలోను ఇట్లే కూల్చునని మనీష్ గోరేగావ్‌కర్ ఆ దినములలోనే పరిశోధించి చూపెను. దోషము లిపిది కాదు. మన లిపుల కూర్పులను చాలినంతగా పరీక్షింపని లైబ్రరీది. ఫిబ్రవరి 19న ఐఓఎస్ 11.2.6 వెలువడి, ఆ ఒక్క లైబ్రరీ సరిచేయబడగా, దానిని వాడు ప్రోగ్రాముల నిర్మాతలు ఒక్క పంక్తియైనను మార్చకయే ఆ ప్రమాదమునుండి అన్నియు బయటపడెను.

కావున మన భాషను కంప్యూటరులో నిలుపుటకు ప్రత్యేకమైన తెలుగు ప్రోగ్రాములను గుప్పించుటకన్న, ఈ ఉమ్మడి లైబ్రరీలను పరీక్షించుటయే నాకు ముఖ్యమైన పనిగా తోచుచున్నది. హార్ఫ్‌బజ్ నిర్మాతలు వివిధ భాషల పదములను పరీక్షా ఫైళ్లలో కూర్చి ఉంచుకొందురు. వానిలో తెలుగునకును ఒక భాగము కలదు. ఎక్కడనైన వత్తు తప్పుచోట పడుటగాని, గుణింతము విడిపోవుటగాని కంటబడినచో, ఆ సంకేతముల వరుస, ఫాంటు పేరు, లైబ్రరీ వెర్షన్, రావలసిన సరియైన రూపము అను ఈ నాలుగింటిని వ్రాసి వారికి పంపవచ్చును. ఇందుకు ప్రోగ్రాములు వ్రాయ నేర్వనక్కరలేదు, తెలుగు చక్కగా చదువ నేర్చిన చాలును; వారు స్వీకరించి పరీక్షలలో చేర్చిన పదము, లైబ్రరీని మార్చినప్పుడెల్ల మరల పరీక్షింపబడుచునే యుండును.